స్ట్రాస్‌బోర్గ్ పాపిరస్: ఎంపెడోక్లీస్ “మనం” అన్నాడా, “అవి” అన్నాడా?

పాపిరస్ (ప్రాచీనులు మొక్క కాడలతో చేసుకున్న రాతపత్రం) అనే మాట ఈ మధ్య వార్తల్లో తరచుగా వినిపిస్తోంది. క్రీ.శ. 79లో వెసూవియస్ అగ్నిపర్వతం బద్దలైనప్పుడు హెర్క్యులేనియం ఊళ్లో బొగ్గయిపోయిన చుట్టల్ని విప్పకుండానే, స్కానింగ్‌తో, ఏఐ సాయంతో చదివారని, 2024 ఫిబ్రవరిలో ముగ్గురు విద్యార్థులకు 7 లక్షల డాలర్ల బహుమతి ఇచ్చారని చాలామంది చదివే ఉంటారు. అందులో పదిహేను కాలమ్‌ల గ్రీకు తత్వశాస్త్రం బయటపడింది. వార్త సాధారణంగా అక్కడే ఆగిపోతుంది. అసలు సంగతి ఆ తర్వాతే మొదలవుతుంది. దొరికింది సరే, దాంతో ఏం తేలింది? చినిగిపోయిన నాలుగు పంక్తులతో ఒక తత్వవేత్త గురించి మనం అనుకుంటున్నది నిజంగా మారిపోతుందా?

ఈ ప్రశ్నకు హెర్క్యులేనియం చుట్టలు ఇప్పుడే జవాబు చెప్పలేవు, వాటి మీద పని ఇంకా జరుగుతోంది. అందుకని కొంచెం వెనక్కి వెళ్లి, 1999లో అచ్చయిన ఇంకో పాపిరస్ తీసుకుందాం. ఫ్రాన్స్‌లోని స్ట్రాస్‌బోర్గ్ లైబ్రరీలో గాజు పలకల మధ్య ఉన్న పాపిరస్ అది, దాని మీద ఉన్నది ఎంపెడోక్లీస్ అనే పాత గ్రీకు తత్వవేత్త రాసిన కవిత్వం. దాని మీద పాతికేళ్లకు పైగా పండితులు వాదించుకున్నారు కాబట్టి ఒక ముక్క ఏం చెప్పగలదో, ఏం చెప్పలేదో అక్కడ స్పష్టంగా కనిపిస్తుంది. నాకు బాగా ఇష్టమైన విషయం ఏమిటంటే, ఆ వాదనల్లో అతి పెద్దది ఒకే ఒక్క హల్లు మీద నడుస్తోంది, పైగా దాన్ని తెలుగువాళ్లు మిగతావాళ్ల కంటే తేలిగ్గా అర్థం చేసుకోగలరు. ఎందుకో చివర్లో చెప్తాను.

“శకలం” అనే మాటలో ఉన్న చిక్కు

పాత గ్రీకు తత్వవేత్తల గురించి చదివేటప్పుడు “శకలాలు” అన్న మాట ఎదురవుతుంది. సోక్రటీస్‌కు ముందున్న తత్వవేత్తల్లో ఒక్కరి పుస్తకం కూడా మనకు మొత్తంగా దక్కలేదు, దక్కినవన్నీ శకలాలే అంటారు. ఇది వినగానే చిరిగిన కాగితం ముక్కలు ఊహించుకుంటాం. కానీ ఇక్కడ శకలం అంటే దాదాపు ఎప్పుడూ ముక్క కాదు, ఉల్లేఖన. అంటే తర్వాతెప్పుడో వేరే రచయిత తన పుస్తకంలో “ఫలానా ఆయన ఇలా అన్నాడు” అని ఎత్తి రాసిన వాక్యం. ఆయన పుస్తకం బతికింది కాబట్టి అందులో ఉన్న ఈ వాక్యమూ బతికింది.

మనకిది కొత్త కాదు. చార్వాకుల మూలగ్రంథాలు మనకు లేవు, వాళ్ల మాటలుగా చెప్పే శ్లోకాలు ఎక్కువగా వాళ్లని ఖండించినవాళ్ల పుస్తకాల్లోంచే వచ్చాయి. తెలుగులోనూ అంతే, కావ్యం మొత్తం పోయి, సంకలన గ్రంథాల్లోనో లక్షణ గ్రంథాల్లోనో ఉదాహరణగా మిగిలిన ఒకటి రెండు పద్యాల వల్ల మాత్రమే పేరు తెలిసిన కవులున్నారు. వ్యాకరణం చెప్పేవాడు వ్యాకరణం కోసం పద్యాన్ని ఎంచుకుంటాడు, ఖండించేవాడు ఖండించడానికి వీలైనది ఎంచుకుంటాడు. ఆ పద్యానికి ముందేముంది, వెనకేముంది అన్నది వాళ్లకు అక్కర్లేదు. కవి ఏం రాశాడన్నది కాదు, ఎత్తి రాసినవాడికి ఏం కావాలన్నదే మనకు అందింది.

ఎంపెడోక్లీస్ విషయంలో ఇలా అందిన పంక్తులు సుమారు 450. ఆయన రెండు కావ్యాలూ కలిపి 5000 పంక్తులని డయోజెనీస్ లయర్షియస్ అనే ప్రాచీన జీవితచరిత్రకారుడు రాశాడు. ఆ లెక్క నిజమైతే మన చేతిలో ఉన్నది పదో వంతు కూడా కాదు. ఆ ఉల్లేఖనల్ని ఏరి, వరస పెట్టి, నంబర్లు వేసి 1903లో అచ్చు వేసింది హెర్మన్ డీల్స్ అనే జర్మన్ పండితుడు. ఆయన ఇచ్చిన నంబర్లే (బి 17, బి 139 లాంటివి) ఈ రోజుకీ వాడుతున్నారు. “బి” అంటే తత్వవేత్త సొంత మాటలు, “ఎ” అంటే ఆయన గురించి ఇతరులు చెప్పినవి. నంబర్లు ఉన్నాయి కాబట్టి అది ఎంపెడోక్లీస్ పెట్టిన వరస అనుకోవడం సులభం. కాదు, అది డీల్స్ ఊహించిన వరస.

ఎంపెడోక్లీస్ ఎవరు, ఏం చెప్పాడు

సిసిలీ దీవిలో అక్రగాస్ (ఇప్పటి అగ్రిజెంటో) ఆయన ఊరు. క్రీ.పూ. 5వ శతాబ్దం మనిషి. ఎట్నా అగ్నిపర్వతంలోకి దూకాడన్న కథ చాలామంది విని ఉంటారు, అది కథే. ఆయన తత్వాన్ని వచనంలో కాకుండా హోమర్ వాడిన ఛందస్సులోనే, హెక్సామీటర్‌లో రాశాడు.

ఆయన పేరు మీద రెండు రకాల మాటలున్నాయి. మొదటి రకం ఇది. లోకంలో ఉన్నదంతా నిప్పు, గాలి, నీరు, మట్టి అనే నాలుగు “వేళ్ల” (చెట్టు వేళ్ల లాంటి మూలాల) నుంచి వచ్చింది. వాటిని కలిపే శక్తి ప్రేమ, విడదీసే శక్తి కలహం. ప్రేమ గెలిచే కొద్దీ అన్నీ ఒక్కటవుతాయి, కలహం గెలిచే కొద్దీ ఒక్కటి అనేకమవుతుంది, ఇది చక్రంలా తిరుగుతూ ఉంటుంది. నిజానికి పుట్టడమూ లేదు చావడమూ లేదు, కలవడం విడిపోవడమే ఉంది. వింటుంటే భౌతికశాస్త్రం పాఠంలా ఉంటుంది. ఈ మాటలు ఎక్కువగా పౌసానియస్ అనే శిష్యుడితో చెప్తాడు.

రెండో రకం పూర్తిగా వేరు. “డైమోన్” అనే దీర్ఘాయుష్కులైన దివ్యజీవులుంటారు, వాళ్లలో ఎవరైనా రక్తపాతం లాంటి పాపం చేస్తే ముప్పై వేల ఋతువుల పాటు దేవతలకు దూరంగా రకరకాల జన్మలెత్తుతూ తిరగాలి. “నేనూ వాళ్లలో ఒకణ్ణే, పిచ్చి కలహాన్ని నమ్మి దేవతల దగ్గర్నుంచి బహిష్కృతుణ్ణయ్యాను” అంటాడు. ఇంకోచోట తను ఇంతకుముందే అబ్బాయిగా, అమ్మాయిగా, పొదగా, పక్షిగా, సముద్రంలో చేపగా పుట్టానంటాడు. మాంసం తినొద్దంటాడు, బలులు వద్దంటాడు. (పునర్జన్మ, అహింస కనిపించగానే ఇది మన దగ్గర్నుంచి వెళ్లిందని రాసేవాళ్లున్నారు. పోలిక ఉంది, కానీ పోలిక ఒక్కటే రుజువు కాదు. దక్షిణ ఇటలీలో అప్పటికే పైథాగరస్ అనుచరులు పునర్జన్మ గురించి చెప్తున్నారు, ఎంపెడోక్లీస్‌కు దగ్గరున్న వనరు అదే.)

ఈ రెండు రకాల మాటలకు తగ్గట్టుగానే ప్రాచీనులు రెండు పేర్లు చెప్పారు: “ప్రకృతి గురించి” అనే కావ్యం, “కథార్మోయ్” అంటే శుద్ధి చేసేవి అనే కావ్యం. దాంతో డీల్స్ లాంటి పరిష్కర్తలు సైన్సులా వినిపించిన పంక్తుల్ని మొదటిదాంట్లో, మతంలా వినిపించిన పంక్తుల్ని రెండోదాంట్లో వేశారు. ఏ పంక్తి ఏ కావ్యంలోదో ఉల్లేఖించినవాళ్లు చాలాసార్లు చెప్పలేదు. అందుకని పరిష్కర్త తన బుద్ధికి తోచినట్టు పంచాడు. ఒకాయనలో ఇద్దరు మనుషులున్నారా, ముందు శాస్త్రవేత్తగా ఉండి తర్వాత స్వామీజీ అయ్యాడా అని వందేళ్లు రాసుకున్నారు. ఆ ప్రశ్న పుట్టిందే ఈ పంపకం వల్ల కావచ్చన్న అనుమానం కూడా పాతదే. 1987లో కేథరిన్ ఓస్‌బోర్న్, 1992లో బ్రాడ్ ఇన్‌వుడ్ ఉన్నది ఒకే కావ్యమని వాదించారు. అప్పటికి చేతిలో కొత్త ఆధారం ఏమీ లేదు.

శవానికి పెట్టిన కిరీటంలోంచి బయటపడ్డ కవిత్వం

కొత్త ఆధారం అప్పటికే స్ట్రాస్‌బోర్గ్‌లో ఉంది, ఎవరికీ తెలియదు, అంతే.

పాపిరస్ అంటే నైలు నది ఒడ్డున పెరిగే తుంగజాతి మొక్క కాడని సన్నగా పేలికలుగా చీల్చి, ఒక వరస నిలువుగా ఒక వరస అడ్డంగా పరిచి, నొక్కి ఆరబెట్టి తయారుచేసిన రాతపత్రం. షీట్లు అంటించి పొడవాటి చుట్టగా చుట్టేవారు. మన తాటాకుల్లాగే దానికీ తేమ శత్రువు. మన దగ్గర తాటాకు గ్రంథం బతకాలంటే కొన్ని తరాలకొకసారి ఎవరో ఒకరు కూర్చుని తిరగరాయాల్సిందే. ఈజిప్టు ఇసుకలో వాన దాదాపు పడదు కాబట్టి ఎవరూ పట్టించుకోకపోయినా పాపిరస్ రెండు వేల ఏళ్లు ఉండిపోతుంది. గ్రీకు పాపిరస్‌లు గ్రీసులో కంటే ఈజిప్టులో ఎక్కువగా దొరకడానికి కారణం ఇదే.

1904లో ఒట్టో రూబెన్‌సోన్ అనే జర్మన్ పురావస్తు శాస్త్రవేత్త ఎగువ ఈజిప్టులోని అఖ్మీమ్ (పాత పేరు పానోపోలిస్)లో ఒక పాతవస్తువుల వ్యాపారి దగ్గర ఒక వస్తువు కొన్నాడు. అది శవానికి అలంకరించే కిరీటం లాంటిది, రాగి ఆకులు అతికించి ఉంది. ఆ ఆకులు నిలబడటానికి అడుగున మడిచి పెట్టింది ఒక పాపిరస్ పట్టీ, దాని మీద గ్రీకు అక్షరాలు. ఎవరో పాత పుస్తకం చుట్టలోంచి ఒక పట్టీ కోసి అట్టగా వాడుకున్నారన్నమాట. పాత నోటుపుస్తకం చింపి పొట్లం కట్టినట్టు. మార్మిక కవిత్వం కాబట్టి కావాలనే శవం తల మీద పెట్టారేమో అన్న ఊహ ఆకర్షణీయంగానే ఉంటుంది గానీ దానికి ఆధారం లేదు.

జర్మన్ సంస్థలు అప్పట్లో కలిసి పాపిరస్‌లు కొని పంచుకునేవి. ఆ పంపకంలో ఇది స్ట్రాస్‌బోర్గ్‌కు వచ్చింది, అప్పుడు ఆ ఊరు జర్మనీలో ఉండేది. పట్టీని విడదీసి గాజు పలకల మధ్య పెట్టారు, మొత్తం 52 ముక్కలు. తర్వాత రెండు ప్రపంచ యుద్ధాలు, ఊరు దేశం మారడం, ఇవన్నీ జరిగాయి. ముక్కలు అలాగే ఉన్నాయి. 1990ల మొదట్లో బ్రసెల్స్ పండితుడు అలాన్ మార్తాన్ వాటిని చదువుతూ, కొన్ని పంక్తులు ఎంపెడోక్లీస్ పేరుతో తెలిసిన ఉల్లేఖనలతో సరిపోతున్నాయని గుర్తించాడు. ఒలివర్ ప్రిమవేసితో కలిసి 1999లో అచ్చు వేశాడు. డెబ్బైకి పైగా పంక్తులు, కొన్ని పూర్తిగా, చాలా వరకు సగం సగం. వాటిలో ఇరవై దాకా మనకు పాక్షికంగానో పూర్తిగానో ముందే తెలిసినవి, మిగతావన్నీ కొత్తవి. రాత తీరును బట్టి ఈ ప్రతి క్రీ.శ. 1వ శతాబ్దం చివరిదని లెక్క వేశారు.

ముందే తెలిసిన ఆ ఇరవై పంక్తులు లేకపోతే ఇది ఎవరిదో తేలేదే కాదు. పాపిరస్ మీద ఎక్కడా కవి పేరు లేదు. అంటే ఉల్లేఖనలు ముక్కకు పేరు పెట్టాయి, ముక్క ఉల్లేఖనలకు చోటు చూపించింది.

మార్జిన్‌లో ఒక అక్షరం చెప్పిన లెక్క

ఆ చోటు ఎలా తెలిసిందో చూడటం బాగుంటుంది, కూడికలు తీసివేతలు వస్తే చాలు.

పాత రాయసగాళ్లు పంక్తుల లెక్కన కూలి తీసుకునేవారు కాబట్టి కొన్ని ప్రతుల్లో వంద పంక్తులకొకసారి మార్జిన్‌లో ఒక అక్షరం వేసేవారు. ఆల్ఫా అంటే 100, బీటా 200, గామా 300. స్ట్రాస్‌బోర్గ్ ముక్కల్ని సముదాయాలుగా కలిపి అక్షరాల పేర్లు పెట్టారు (డీల్స్ “ఎ”, “బి”లతో వీటికి సంబంధం లేదు). వాటిలో పెద్దదైన “ఎ” సముదాయంలో రెండు కాలమ్‌లు పక్కపక్కన ఉన్నాయి, రెండో కాలమ్‌లో 30 పంక్తులు, దాని ఆఖరి పంక్తి పక్కన గామా ఉంది. కాబట్టి అది కావ్యంలో 300వ పంక్తి. అదే కాలమ్ మొదటి పంక్తి 271. దాని ఎడమ పక్క కాలమ్‌లో అడుగున మిగిలినవి తొమ్మిది పంక్తులు, అంటే 262 నుంచి 270 వరకు.

ఇప్పుడు ఉల్లేఖన వైపు నుంచి రండి. క్రీ.శ. 6వ శతాబ్దంలో సింప్లిషియస్ అనే వ్యాఖ్యాత, అరిస్టాటిల్ భౌతికశాస్త్రానికి వ్యాఖ్య రాస్తూ ఎంపెడోక్లీస్ నుంచి 35 పంక్తులు ఏకబిగిన ఎత్తి రాశాడు. డీల్స్ లెక్కలో బి 17 అదే. పాపిరస్‌లోని తొమ్మిదింటిలో మొదటి ఐదు ఆ 35లోని చివరి ఐదు. అంటే బి 17 ఆఖరి పంక్తి కావ్యంలో 266, మొదటి పంక్తి 232 (సింప్లిషియస్ పాఠంలో ఒక పంక్తి మీద అనుమానం ఉంది కాబట్టి కొందరు 233 అంటారు). సింప్లిషియస్ ఇది మొదటి భాగంలోదని చెప్పాడు కూడా.

దీంతో తేలిందేమిటి? నాలుగు వేళ్లు, ప్రేమ, కలహం సిద్ధాంతాన్ని విడమరిచి చెప్పే ఆ ఘట్టం కావ్యం మొదట్లో లేదు. దాని ముందు 230 పంక్తుల ఉపోద్ఘాతం ఉంది. అంత పెద్ద ఉపోద్ఘాతంలో ఏముండేది? బహిష్కృతుడైన డైమోన్ కథను ఎంపెడోక్లీస్ “తన తత్వం ఆరంభంలో” చెప్పాడని ప్లూటార్క్ అనే ప్రాచీన గ్రీకు రచయిత రాశాడు. పరిష్కర్తలు ఆ కథను మతం పద్దులో వేశారు కాబట్టి ఈ మాటను పెద్దగా పట్టించుకోలేదు. ఇప్పుడు 230 పంక్తుల ఖాళీ కనిపించేసరికి ఆ కథ ఇక్కడే ఉండేదేమో అనడానికి చోటు దొరికింది. చోటు ఉందంటే కథ అక్కడే ఉందని కాదు, ఇది గుర్తుంచుకోవాలి.

పెదవులా, పంజాలా?

“డి” అనే సముదాయం ఆ పాత పంపకానికి ఇంకా గట్టి దెబ్బ కొట్టింది. క్రీ.శ. 3వ శతాబ్దపు తత్వవేత్త పోర్ఫిరీ మాంసాహారం వద్దని చెప్పే తన పుస్తకంలో ఎంపెడోక్లీస్ పంక్తులు రెండు ఉదహరించాడు. నా తెలుగులో ఇలా ఉంటాయి: “అయ్యో, తిండి కోసం పెదవులతో ఘోరం తలపెట్టక ముందే ఆ నిర్దయ రోజు నన్ను ఎందుకు చంపెయ్యలేదు!” పశ్చాత్తాపం, మాంసం, పాపం. ఇంకేముంది, డీల్స్ దీన్ని బి 139 అని కథార్మోయ్‌లో వేశాడు. ఎవరైనా అక్కడే వేస్తారు.

పాపిరస్‌లో ఆ రెండు పంక్తులు కనిపించాయి. కానీ వాటి చుట్టూ ఉన్నవి వేరు. ముందు పంక్తుల్లో ఏవో ఒకదాన్నుంచి ఒకటి విడిపోయి, ఇష్టం లేకుండా కుళ్లిపోవడం గురించి ఉంది, అది కలహం పని. తర్వాత చెంపలు తడిసే కన్నీళ్లు, ఆ పైన మళ్లీ కథలోకి వస్తున్నానంటూ అలసట ఎరగని మంట, ప్రాణుల పుట్టుక. అంటే “మతం” పంక్తులు “భౌతికశాస్త్రం” మధ్యలో కూర్చుని ఉన్నాయి. పైగా ఇదే పట్టీలో బి 17 లాంటి శుద్ధ ప్రకృతి సిద్ధాంతం కూడా ఉంది. ఒకే చుట్టలోంచి కోసిన పట్టీ అది.

పోర్ఫిరీ పాఠానికీ పాపిరస్ పాఠానికీ ఒక తేడా కూడా ఉంది. పోర్ఫిరీలో “ఖెయిలెసి”, పెదవులతో. పాపిరస్‌లో “ఖేలాయిస్”, పంజాలతో. వినడానికి దగ్గరగా ఉన్న రెండు మాటలు, ఒకటి ఇంకోటిగా మారిపోవడం తేలిక. మాంసం తినొద్దని చెప్పే పుస్తకానికి పెదవులు చక్కగా సరిపోతాయి కాబట్టి అటు వైపే మారి ఉంటుందన్నది చాలామంది అభిప్రాయం, నాకూ అదే సబబుగా అనిపిస్తుంది. పంజాలు అయితే మాట్లాడుతున్నదెవరు? గత జన్మలో వేటాడే జంతువుగానో పక్షిగానో ఉన్నప్పటి పాపం తలుచుకుంటున్నాడని కొందరు చదివారు. మనిషి చేతుల్నే కవి క్రూరంగా పంజాలన్నాడని ఇంకొందరు.

ఇక పెద్ద ప్రశ్న: ఒక కావ్యమా, రెండా? పాపిరస్ రాగానే ఒకే కావ్యం అన్నవాళ్లు గెలిచారని చాలామంది అనుకున్నారు. జాగ్రత్తగా చూస్తే పాపిరస్ చెప్పింది అంత కాదు. ప్రకృతి కావ్యంలో కూడా డైమోన్ల దుఃఖం, పాపం లాంటి మాటలున్నాయని మాత్రమే అది రుజువు చేసింది. దాంతో మతం మాట కనిపిస్తే కథార్మోయ్, సైన్సు మాట కనిపిస్తే ప్రకృతి అనే గీటురాయి పగిలిపోయింది. రెండో కావ్యం లేదని మాత్రం రుజువు కాలేదు. ప్రాచీనులు రెండు పేర్లు చెప్పారు, ఒకటి పౌసానియస్‌తో అన్నట్టుంటే ఇంకోటి “అక్రగాస్ మిత్రులారా” అని ఊరందర్నీ పిలుస్తూ మొదలవుతుంది. ఈ కారణాలతో పాపిరస్‌ను అచ్చు వేసిన మార్తాన్, ప్రిమవేసిలే రెండు కావ్యాలన్న పక్షాన నిలబడ్డారు. ఒకే కావ్యం అనేవాళ్లు ఆ పేర్లు తర్వాతి పాఠకులు పెట్టినవి కావచ్చంటారు. రెండు వైపులా బలముంది. రెండు మనసుల ఎంపెడోక్లీస్ అన్న పాత బొమ్మ మాత్రం ఇక నిలబడదు.

మనం కలుస్తామా, అవి కలుస్తాయా?

ఇప్పుడు ఆ ఒక్క హల్లు.

బి 17 ముగిసిన మరుక్షణం, 267వ పంక్తిలో, ఎవరూ అంతకుముందు చూడని వాక్యం మొదలవుతుంది. దాని భావం ఇలా ఉంటుంది: ప్రేమ వల్ల ఒకే లోకంగా కలవడం, కలహం వల్ల మళ్లీ ఒకటి అనేకంగా విడిపోవడం. “కలవడం” దగ్గర పాపిరస్‌లో ఉన్న మాట “సునెర్ఖోమెథ్”. దీని పూర్తి రూపం సునెర్ఖోమెథా, అంటే “మనం కలుస్తాం”. తర్వాత అచ్చు వస్తోంది కాబట్టి చివరి “ఆ” లోపించింది, మన సంధిలో అచ్చు పోయినట్టే. ఇలాంటి వాక్యమే సింప్లిషియస్ ఇంకోచోట (బి 26) ఉదహరించాడు, అక్కడ మాట “సునెర్ఖోమెన్”, అంటే “కలుస్తున్నవి”. థీటా (థ్) ఉంటే మనం, న్యూ (న్) ఉంటే అవి. కలుస్తాం, కలుస్తాయి అన్నంత తేడా.

అవి అయితే ఇబ్బందేం లేదు. నాలుగు వేళ్లు కలుస్తాయి, విడిపోతాయి, అది మనకు తెలిసిన ఎంపెడోక్లీసే. మనం అయితే ఎవరా మనం? నిప్పు, నీరు గురించి మాట్లాడుతున్న మనిషి ఉన్నట్టుండి లోకచక్రంలో తనని తాను ఎందుకు కలుపుకుంటాడు?

మార్తాన్, ప్రిమవేసి థీటాను అలాగే ఉంచారు. ఈ మనం డైమోన్లదని, డైమోన్లంటే చెల్లాచెదురైన ప్రేమ అంశలేనని వాళ్ల వ్యాఖ్యానం. అది సరైతే భౌతికశాస్త్రం, ఆత్మల కథ ఒక్కటైపోతాయి. ప్రేమ మూలకాల్ని కలపడమూ, బహిష్కృతులైన ఆత్మలు ఇంటికి చేరడమూ ఒకే సంఘటనకు రెండు పేర్లవుతాయి. చాలా అందమైన ఊహ. అందంగా ఉంది కాబట్టే జాగ్రత్తగా ఉండాలని కూడా అనిపిస్తుంది.

2001లో కైంపె ఆల్గ్రా, యాప్ మాన్స్‌ఫెల్డ్ దీనికి ఎదురు రాశారు. వాళ్ల లెక్కలో ఇది రాయసగాడి తప్పు. సింప్లిషియస్ పాఠంలో న్యూతో వాక్యం నిక్షేపంగా నడుస్తోంది, ప్రతులు రాసేవాళ్లు అక్షరాలు తారుమారు చేయడం మామూలే. తాటాకు ప్రతుల్లో “ప”కీ “వ”కీ తేడా తెలియక పరిష్కర్తలు పడ్డ పాట్లు తెలిసినవాళ్లకి ఇది వెంటనే ఎక్కుతుంది. దానికి అవతలి పక్షం జవాబు: ఒకసారైతే తప్పనుకోవచ్చు, మన ముక్కల్లో ఇలాంటి థీటా మూడు చోట్ల ఉంది, మూడుసార్లూ ఒకే తప్పా? ఇంకో సూత్రం కూడా వాళ్ల వైపుంది. రెండు పాఠాలున్నప్పుడు కష్టమైనదే సాధారణంగా పాతది, ఎందుకంటే రాయసగాళ్లు అర్థంకానిదాన్ని అర్థమయ్యేలా మారుస్తారు గానీ సులువైనదాన్ని కావాలని కష్టం చేయరు. మనం కష్టమైన పాఠం. అయితే ఆ సూత్రానికీ హద్దుంది. వట్టి పొరపాటు కూడా పాఠాన్ని కష్టంగానే చేస్తుంది కదా.

మధ్యేమార్గం పట్టినవాళ్లూ ఉన్నారు. థీటా ఉండనివ్వండి, కానీ మనం అంటే డైమోన్లు కాదు, మూలకాలు కలిస్తే తయారైన మామూలు మనుషులం, నువ్వూ నేనూ అంటారు వాళ్లు. నాలుగు వేళ్లు కలవడమంటే మనం పుట్టడమే కాబట్టి “మనం కలుస్తాం” అనడంలో వింతేం లేదు.

మొదట్లో తెలుగువాళ్లకు తేలిక అన్నది ఇందుకే. గ్రీకులో “నేను”కి ఉన్నది ఒకే బహువచనం, ఇంగ్లీషులోనూ అంతే. మనకు రెండున్నాయి: మనం, మేము. క్రియ రెండింటికీ “కలుస్తాం” అనే ఉంటుంది గానీ దాని ముందు కర్తను పెట్టి చూడండి. “మేము కలుస్తాం” అంటే ఎంపెడోక్లీస్ డైమోన్ల తరఫున మాట్లాడుతున్నాడు, వింటున్న పౌసానియస్ అందులో ఉన్నాడో లేడో తెలియదు. “మనం కలుస్తాం” అంటే పౌసానియస్ కూడా ఉన్నాడు, చదివేవాళ్లమూ ఉన్నాం. పండితులు పేజీల కొద్దీ రాసిన తేడా మనకు మొదటి మాటలోనే వచ్చి కూర్చుంటుంది. దీన్ని తెలుగులోకి తెచ్చేవాళ్లు ఆ ఒక్క మాట దగ్గర ఆగి ఏదో ఒకటి తేల్చుకోక తప్పదు. నేను ఈ వ్యాసంలో మనం అనే రాస్తూ వచ్చాను, అంటే నేనూ ఒక పక్షం తీసుకున్నట్టే.

చదువుతున్నదాంట్లో పాపిరస్ ఎంత, పండితుడెంత?

ఈ ముక్కల అనువాదాలు చదివేటప్పుడు చదరపు బ్రాకెట్లు కనిపిస్తాయి. బ్రాకెట్ లోపల ఉన్నది పాపిరస్ మీద లేదు, చిరిగిపోయిన చోట పరిష్కర్త ఊహించి నింపింది. పాత తెలుగు ముద్రణల్లో “గ్రంథపాతం” అని రాసి చుక్కలు పెట్టి వదిలేసేవారు. గ్రీకు పండితులు చాలాసార్లు వదలరు, ఛందస్సుకు, మిగిలిన అక్షరాలకు, ఖాళీ కొలతకు సరిపోయే మాటను ప్రతిపాదిస్తారు. ఊహే అయినా నియమాలున్న ఊహ అది. కానీ ఇంగ్లీషు అనువాదంలోకి వచ్చేసరికి, ఆ తర్వాత వార్తలోకి వచ్చేసరికి బ్రాకెట్లు ఎగిరిపోతాయి. అప్పుడు 1999లో ఒక ప్రొఫెసర్ రాసిన సగం పంక్తి క్రీ.పూ. 5వ శతాబ్దపు తత్వమై కూర్చుంటుంది. హెర్క్యులేనియం వార్తలు చదివేటప్పుడు కూడా ఇదొక్కటి అడిగి చూడండి, ఎన్ని అక్షరాలు కనిపించాయి, ఎన్ని నింపారు అని.

నింపడమే కాదు, ముక్కల వరసా మారుతుంది. 2004లో రిచర్డ్ జాంకో ఇవే ముక్కల్ని వేరేగా పేర్చి, మొదటి భాగంలో 364వ పంక్తి దాకా కొత్త పాఠం ఇచ్చాడు. గాజు కింద ఉన్నవి అవే 52 ముక్కలు, అచ్చులో కావ్యం మాత్రం మారింది.

మూడు థీటాల్లో ఒకటి “సి” అనే చిన్న సముదాయంలో ఉంది. ప్రాణుల అవయవాలు ప్రేమ వల్ల ఒక్కటవడం, కలహం వల్ల తెగి విడివిడిగా తిరగడం గురించిన పంక్తులవి, సింప్లిషియస్ వల్ల ముందే తెలిసినవి, ఆయన దగ్గర న్యూ ఉంది. పాపిరస్‌లో రాయసగాడు థీటా రాశాడు. దాని పైన ఎవరో న్యూ అని దిద్దారు. ఇంకో ప్రతి పక్కన పెట్టుకుని దిద్దాడో, వ్యాకరణం కుదరడం లేదని దిద్దాడో చెప్పడానికి ఏ ఆనవాలూ లేదు. మిగతా రెండు థీటాల మీద మాత్రం చెయ్యి వెయ్యలేదు.